గౌరమ్మకు మీరేం వరస?

మా చిన్నమ్మ చనిపోయిన ఇంటిని చూడాలని మొన్నొక ఆదివారం ఇద్దరు పిల్లలు మత్తిగిరిలో మా ఇంటికి వచ్చారు. పిల్లలంటే మరీ పిల్లలు కారు, హోసూరులో ఏదో కంపెనీలో ఉద్యోగాలు చేస్తున్నారు. అబ్బాయి మాట తక్కువ, భుజానికి కెమెరా సంచి. అమ్మాయిది జూజువాడి, మాటంతా ఆమెదే. చెప్పులు బయట విడిచి, కాళ్లు తుడుచుకుని లోపలికి వచ్చి, నా కాళ్లకు దండం పెట్టబోతే నేనే వద్దన్నాను. శని ఆదివారాల్లో వాళ్లకు వేరే పని ఒకటుంది. ఎప్పుడో ఘోరాలు జరిగిన చోట్లు వెతుక్కుని పోయి, అక్కడ నిలబడి ఆ కథ చెప్పి యూట్యూబులో పెడతారు. చూసేవాళ్లు బాగా పెరిగారట. అందుకని ఇప్పుడు ఒక వ్యాను మాట్లాడుకుని, బెంగళూరు నుంచి మనుషులను ఎక్కించుకుని వచ్చి, అటువంటి చోట్లన్నీ ఒక్క రోజులో తిప్పి చూపించాలని ఆలోచన చేశారు. పాడుబడిన బంగళా ఒకటి, ఘాటు రోడ్డులో మలుపు ఒకటి, ఆ తర్వాత రాయకోట దగ్గర మా ఇల్లు. మా ఇల్లని ఆ అమ్మాయి అనలేదు, "ఆ మర్డర్ హౌస్" అంది. అని నాలిక కరుచుకుంది.

నాకు కోపం రావలసింది. రాలేదు. ఎందుకు రాలేదంటే, బతుకంతా బడిపిల్లలకు తెలుగు పాఠాలు చెప్పి, మధ్యలో కథలు రాసుకుని, రిటైరైన నేను మధ్యాహ్నం అన్నం తిని మంచమెక్కి ఫోనులో చూసేవి కూడా ఇవే. ఏదో ఊళ్లో ఎవరో ఎవరినో చంపితే, ఎక్కడ దొరికాడు, ఏం పొరపాటు చేశాడు అని కళ్లార్పకుండా చూస్తాను. మధ్యలో సబ్బు ప్రకటన వస్తే విసుక్కుంటాను. అందుకని ఆ అమ్మాయిని ఏమీ అనలేక కాఫీ కలిపి ఇచ్చాను. తాగుతూ చెప్పింది, తాము చులకనగా చేయమనీ, చనిపోయిన ఆమె వైపు నుంచే కథ చెబుతామనీ. అది అబద్ధమని నాకు అనిపించలేదు. ఇల్లు ఇప్పుడు గౌరమ్మ చిన్నమ్మ కూతురు రత్న పేరున ఉంది. మా అవ్వ పోతూ పోతూ దానికే రాసింది. రత్న ఊత్తంగరైలో ఉంటుంది, తాళంచెవి దాని దగ్గరే. మనుషులను లోపలికి తీసుకుపోవాలంటే రత్న ఒప్పుకోవాలి, రత్నను ఒప్పించడానికి పెద్దదాన్ని నేను కావాలి. అడిగి చెబుతానని పంపించేశాను. కాఫీ గ్లాసులు కడుగుతుంటే ఆ ఇంగ్లీషు మాట చెవిలోంచి పోలేదు. నేను పుట్టింది ఆ ఇంట్లోనే.

పొద్దున లేస్తూనే ఆ ఇంట్లో మొదట తెలిసేది వాసనే. నడవలో ఆవుల వాసన, అటక మీద చింతపండు, మూలన గోతాల్లో శెనక్కాయలు, వీటన్నిటి మీద పొయ్యి పొగ. అవ్వ అందరికన్నా ముందు లేచి కళ్లాపి చల్లి, మజ్జిగ చిలుకుతూ గోడకు చెప్పినట్టు ఆ రోజు పనులన్నీ పైకి చెప్పుకునేది. ఎవరి పని వాళ్లు పడుకునే విని లేవాలి. ఆమెకు ఇంకొక అలవాటుంది. ఎదుటి మనిషితో వరస కలిస్తే గాని మాట మొదలుపెట్టేది కాదు. మా వైపు ఇప్పటికీ బస్సు కండక్టరు కూడా అన్నో మామో అవుతాడు గాని, అవ్వది అంతకన్నా పట్టుదల. గాజులమ్మే ఆమె వస్తే ఏ ఊరు, ఎవరి కూతురు అని తవ్వి తవ్వి, చివరకు తన పుట్టింటి వైపు ఎక్కడో ఒక దారం పట్టుకుని, "అట్లయితే నువ్వు నాకు వదినవమ్మా" అని తేల్చేది. తేలిన క్షణం నుంచి వేళాకోళం మొదలు. ఆ గాజులామె వచ్చినప్పుడల్లా ఏడిపించి, మజ్జిగ పోసి, మా చేతులకు గాజులు వేయించి పంపేది. వరస తెలియని మనిషి అవ్వకు సగం మనిషి.

గౌరమ్మ చిన్నమ్మ ఆ ఇంటి చిన్నకోడలు, మా నాయన తమ్ముడి పెళ్లాం. కర్ణాటక వైపు నుంచి వచ్చింది. ఇంట్లో అందరికన్నా నాకే దగ్గర, ఎందుకంటే ఆమెకు పెద్దవాళ్లతో భయం. ఆమెను చంపింది మా చిన్నాయన. అవ్వ కడుపున పుట్టిన రెండో కొడుకు. ఎలా, దేనితో, ఎందుకు అనేవి ఇక్కడ రాయను. రాయడానికి చేతకాక కాదు, అవి రాస్తే ఈ కాగితం మీద ఇక మిగతా ఏదీ మీకు కనబడదు. నేను బడికి పోయే వయసు పిల్లను, రత్న అప్పుడప్పుడే బోర్లపడుతోంది. పోలీసులు చిన్నాయనను తీసుకుపోయారు, ఆయన మళ్లీ ఇంటికి రాలేదు, జైల్లోనే పోయాడు. కథగా చెప్పాలంటే అంతే ఉంది.

చిన్నమ్మ పోయిన మరుసటి రోజు నుంచి జనం రావడం మొదలైంది. కేళమంగళం నుంచి, శూలగిరి నుంచి, పేరు వినని పల్లెల నుంచి కూడా. బస్సు దిగి దారి అడుగుతూ వచ్చేవారు కొందరు, బండ్లు కట్టుకుని సద్ది మూటలతో వచ్చేవారు కొందరు. మా పక్క పద్ధతి ప్రకారం చావింటి తలుపు దివసాలు, అంటే కర్మకాండ, అయ్యే దాకా మూయకూడదు. పలకరించడానికి వచ్చినవాళ్లను రమ్మనకూడదు, పోయేవాళ్లను పోయిరమ్మనకూడదు, అడ్డం మాత్రం చెప్పకూడదు. ఆ పద్ధతే మాకు చేటు తెచ్చింది. చూడ్డానికి వచ్చినవాళ్లందరూ పలకరింపుకు వచ్చినట్టు మొహం పెట్టుకుని నేరుగా లోపలికి వచ్చేసేవారు. అటు ఇటు చూసి, ఎక్కడ, ఎక్కడ అని మా పిల్లలనే అడిగేవారు. ఒకామె ఆ చోటి మట్టి కొంచెం కొంగున కట్టుకుంది, ఏం చేసుకోవడానికో ఈనాటికీ నాకు తెలియదు. మా నాయన సహించలేక తలుపుకు గొళ్లెం పెట్టి కర్ర పట్టుకుని కూర్చున్నాడు. అవ్వ లేచి వచ్చి ఆ గొళ్లెం తానే తీసింది. తలుపు మూస్తే గౌరికి ఎవరూ లేనట్టు అవుతుందని చెప్పింది. దాని పుట్టింటివాళ్లు ఇంకా దారిలోనే ఉన్నారని, వచ్చేసరికి మూసిన తలుపు చూడకూడదని చెప్పింది.

ఆ పూట నుంచి అవ్వ వీధి అరుగు మీద కూర్చుంది. వచ్చిన ప్రతి మనిషినీ ఒకటే అడిగింది.

"మా గౌరికి మీరు ఏం వరస అవుతారమ్మా?"

తడుముకునేవారు. ఊరికే తెలిసి వచ్చినామని కొందరు, దారిన పోతా పోతా అని కొందరు. వాళ్లను కసరలేదు, తిట్టలేదు. వరస లేనివాళ్లకు ఇక్కడ చూసేది ఏమీ లేదని, ఎండన పడి వచ్చారు కాబట్టి నీళ్లు తాగి పొమ్మని చెప్పేది. కొందరు తెలివిగా అప్పటికప్పుడు వరస కలిపేవారు. అక్క అవుతుందనో, మేనకోడలు అవుతుందనో చెబితే అవ్వ ఒప్పుకునేది. ఒప్పుకుని, వరస అయినవాళ్లు చేయవలసింది చెప్పేది. లోపల నేల మీద కూర్చుని ఆమె పేరు పెట్టి ఏడవాలి. తిరిగి పోయేటప్పుడు తొట్టి దగ్గర తల మీద నీళ్లు పోసుకోవాలి. దివసాలయ్యే దాకా మైల పట్టాలి, తలకు నూనె లేదు, గుడి లేదు, మంచి కార్యం లేదు. దివసాల రోజు మళ్లీ వచ్చి బియ్యం ఇవ్వాలి. మామూలు చావుకు మైల పట్టమంటేనే జనం వెనకాడతారు, ఇక అటువంటి చావుకు చెప్పాలా. బండి కట్టుకుని వచ్చినవాళ్లు బండిలోంచే వెనక్కు మళ్లేవారు. నాలుగు పూటల్లో వీధి పలచబడింది.

కానీ అందరూ మళ్లిపోలేదు. శూలగిరి నుంచి ఒకామె వచ్చింది, మంచి వయసులో ఉంది, పసుపురంగు రవిక. చూడాలనే వచ్చింది, దాచలేదు కూడా. బస్సులో అందరూ చెప్పుకుంటుంటే ఉండబట్టలేక దిగిందట. అవ్వ అడిగితే, గౌరమ్మ తనకు అక్క అవుతుందని నోటికి వచ్చిన వరస ఒకటి చెప్పేసింది. లోపల రత్న ఏడుస్తోంది. రెండు రోజులుగా ఆవుపాలు పడితే కక్కేస్తోంది, గొంతు బొంగురుపోయింది. అవ్వ ఆ ఆడమనిషి రవిక వైపు చూసింది. పాలు పడి ముందంతా తడిసి ఉంది. చంటిబిడ్డను ఇంట్లో వదిలి, చావింటికి రాకూడని మనిషి వచ్చి నిలబడింది.

"గౌరి నీకు అక్క అయితే, ఆ ఏడ్చేది నీకు కూతురు గదమ్మా" అంది అవ్వ. "బిడ్డకు ఆకలిగా ఉండాది."

ఆమె ముఖం నాకు ఇప్పటికీ కనబడుతుంది. వెనక్కు తిరిగి పోదామా అని వీధి వైపు చూసింది. ఆ తర్వాత లోపలికి వచ్చి, గోడకు ఆనుకుని కూర్చుని, రత్నను ఒళ్లోకి తీసుకుంది. మా అమ్మ చాప ఎత్తి అడ్డం పెట్టింది. ఇంట్లో ఏడుపు ఆగింది. అంత నిశ్శబ్దం ఆ ఇంట్లో చిన్నమ్మ పోయినప్పటి నుంచి లేదు. ఆమె చూడ్డానికి వచ్చిన చోటు రెండు మూరల దూరంలోనే ఉంది, ఆమె అటు చూడలేదు. తల మీద నీళ్లు పోసుకునే పోయింది. రెండో రోజు తన బిడ్డను కూడా ఎత్తుకుని వచ్చింది. దివసాలకు వచ్చింది. ఆ తర్వాత పెద్దల అమావాస్యకు ఏటా వచ్చేది, బతికినన్నాళ్లూ వచ్చింది. రత్న ఆమెను శూలగిరి పిన్నమ్మ అని పిలిచేది. ఆమె చనిపోయినప్పుడు రత్న పోయి మైల పట్టింది.

ఇదంతా చెబితే అవ్వ ఏదో దేవత అనిపిస్తుంది. కాదు. కోడళ్లను గడగడలాడించిన మనిషి, గౌరమ్మ చిన్నమ్మను ఎన్నిసార్లు ఏడిపించిందో నాకు తెలుసు. ఆ అరుగు మీద కూర్చోవడం ఆమెకు కూడా శిక్షే. ఒకరోజు ఒక మగమనిషి, వరస అడిగినందుకు ఒళ్లు మండి, అందరినీ అడుగుతావు గదా, నువ్వేం వరస చెప్పు, చంపినవాడికి తల్లివి కాదా అన్నాడు. వీధంతా వింటోంది. మా నాయన కర్ర తీసుకున్నాడు. అవ్వ చెయ్యి ఎత్తి ఆపింది.

"దానికి అత్తనప్పా, వానికి అమ్మను" అంది. "రెండు మైలలూ నావే."

ఆయన తల దించుకుని పోయాడు. అవ్వ ఆ రోజు అన్నం తినలేదు. చిన్నాయన జైల్లో పోయినట్టు కబురు వచ్చినప్పుడు పలకరించడానికి ఎవరూ రాలేదు. అవ్వ ఒక్కతే తొట్టి దగ్గర తల మీద నీళ్లు పోసుకుంది. మేము చూస్తున్నామని తెలిసి, పోయి పని చూసుకోండని కసిరింది.

అరుగు మీద అవ్వ ఆపగలిగింది వచ్చిన మనుషులను. పాటను ఆపలేకపోయింది. ఆ రోజుల్లో మా సంతల్లో కొలైసిందు పాడేవాళ్లు తిరిగేవారు. ఎక్కడ హత్య జరిగినా దాని మీద అరవంలో పాట కట్టి, చిన్న పుస్తకం అచ్చు వేయించి, పాడి అమ్ముకునేవారు. మొగుడు కంజిర వాయిస్తే పెళ్లాం పాడేది. రాయకోట సంతలో మిరపకాయల రాశుల పక్కన గౌరమ్మ చిన్నమ్మ పాట మొదలైంది. గొప్ప గొంతు ఆమెది, మిరపకాయలు కొనడానికి వచ్చినవాళ్లు సంచులు కింద పెట్టి కళ్లు తుడుచుకున్నారు. పాటలో మా చిన్నమ్మ మోకాళ్ల దాకా జడ ఉన్న అందగత్తె. చచ్చిపోతూ దేవుడితో పెద్ద పెద్ద మాటలు మాట్లాడుతుంది. అవ్వను రాక్షసిని చేశారు. మా నాయన పుస్తకాలన్నీ కొనేసి కాల్చాడు, వాళ్లు ఇంకా ఎక్కువ అచ్చు వేయించుకుని వచ్చారు. పాట బాగుంది, అదే పెద్ద కష్టం. రాట్నం దగ్గర, కలుపు చేలో, బడిలో, ఎక్కడ చూసినా అదే పాట. చిన్నమ్మను ఎరిగిన ఊరివాళ్లు కూడా అదే పాడారు, అందులో ఆమె ఎక్కడుందో అడగకుండా.

రత్న బడికి పోవడం మొదలుపెట్టాక, ఒక సాయంత్రం గడప మీద కూర్చుని కాళ్లు ఊపుకుంటూ ఆ పాట పాడింది. బడిలో నేర్చుకుంది. చక్కగా, ఒక్క మాట తప్పకుండా పాడింది. మా అమ్మ వంటింట్లోంచి పరుగున వచ్చి నోరు మూయబోయింది. అవ్వ వద్దని, పాట అయ్యేదాకా ఆగి, దాన్ని దగ్గరకు పిలిచింది.

"ఆ పాటలో ఉండేది మీ అమ్మనే రత్నా" అంది.

  "అయితే మా అమ్మకు మోకాళ్ల దాకా జడ ఉండిందా అవ్వా?" అని అడిగింది రత్న.

అవ్వ మా అమ్మ వైపు చూసింది, మా అమ్మ నేల చూసింది. "ఉండింది" అంది అవ్వ. నిజానికి గౌరమ్మ చిన్నమ్మ జుట్టు పలచన, ముడి వేస్తే నిమ్మకాయంత. ఆ రోజు నుంచి ఇంట్లో ఆ పాటను ఎవరూ ఆపలేదు. రత్నకు అమ్మ అంటే ఆ పాటే అయింది. అది నిద్రపోయే ముందు పాడుకునేది, తల్లిని చంపిన పాట. 

అప్పటి కాలం మంచిదని నేను చెప్పబోవడం లేదు. సద్ది మూటలతో చూడ్డానికి వచ్చినవాళ్లు అప్పటివాళ్లే, పాట కట్టి అమ్మినవాళ్లు అప్పటివాళ్లే. ఇంకొకరి ఇంట్లో జరిగిన ఘోరం మనిషికి ఎందుకు అంత రుచిగా ఉంటుందో నాకు తెలియదు. భయం వేసినప్పుడు అది మనది కాదన్న ధైర్యం కూడా కలుగుతుంది, అందుకేనేమో. ఒక్క తేడా మాత్రం కనబడుతోంది. అప్పుడు చూడ్డానికి వచ్చిన మనిషి ఒక ముసలామె కళ్ల ముందు నిలబడవలసి వచ్చేది. తాను చూస్తున్నది, తాను కూడా ఆమెకు కనబడుతూనే చూడవలసి వచ్చేది. ఇప్పుడు మంచం మీద పడుకుని చూసే నన్ను ఎవరూ చూడరు, నువ్వెవరని అడగరు. వీడియో అయిపోతుంది, దాని వెంటనే ఇంకొకటి వస్తుంది. నా మీద ఏ మైలా అంటదు, నేను తల మీద నీళ్లు పోసుకోవలసిన పని లేదు. వ్యానులో వచ్చేవాళ్లు టికెట్టు కొనుక్కుని వస్తారు, టికెట్టు ఉన్నవాళ్లను వరస అడగడానికి ఎవరికి హక్కు ఉంటుంది.

రత్నకు ఫోనులో చెప్పే మాట కాదని ఊత్తంగరై పోయాను. కృష్ణగిరిలో బస్సు మారి, మామిడి తోటల మధ్య పోతూ, ఏమని మొదలుపెట్టాలో దారంతా అనుకుంటూనే ఉన్నాను. రత్న ఇప్పుడు మనవళ్లను ఎత్తిన మనిషి, తల్లి కన్నా రెండింతలకు పైగా బతికింది. కొడుకు ఎరువుల అంగడి పెట్టుకున్నాడు, కోడలు బడిలో పాఠాలు చెబుతుంది. నేను పోయేసరికి వసారాలో చింతపండు గింజ తీస్తోంది. నన్ను చూసి లేవబోతే వద్దని పక్కనే కూర్చుని నేను కూడా గింజ తీయడం మొదలుపెట్టాను. చేతులు పని చేస్తుంటే చెప్పడం తేలికైంది. వచ్చిన పిల్లల సంగతి, వ్యాను సంగతి, అమ్మాయి మర్యాద సంగతి, ఏదీ దాచకుండా చెప్పాను. ఆమె వైపు నుంచే కథ చెబుతారటని కూడా చెప్పాను.

 వచ్చి ఏం చేస్తారని రత్న అడిగింది. చూస్తారని చెప్పాను. చూసినాక అని అడిగింది. ఎక్కి పోతారని చెప్పాను. ఇంకేమీ లేదా అన్నట్టు నా మొహం చూసింది. 

"వద్దని చెప్పక్కా" అంది. "మా అమ్మ ఎట్ల పోయిందో నాకు బాగా తెలుసు. జిల్లా అంతా చెప్పింది, పాట కట్టి చెప్పింది. ఎట్ల ఉండిందో ఒక్కరు చెప్పలేదు. అడిగితే అవ్వ ఏడ్చింది, పెద్దమ్మ ఏడ్చింది, నేను అడిగేది మానేసినాను. నువ్వు చూసినావు కదా. నువ్వు చెప్పు."

చెప్పడానికి నోరు తెరిచాను. మొదట వచ్చినవి ఏవో తెలుసా. పోలీసు జీపు. అరుగు మీద అవ్వ. మట్టి కొంగున కట్టుకున్న ఆమె. మిరపకాయల పక్కన కంజిర. ఎంత తవ్వినా చిన్నమ్మ చావు చుట్టూ ఉన్నవే వస్తున్నాయి గాని చిన్నమ్మ రావడం లేదు. నన్ను ఒళ్లో పడుకోబెట్టుకున్న మనిషి. కథలు రాసి పేరు తెచ్చుకున్నదాన్ని, ఆమెను గురించి ఒక్క ముక్క నా దగ్గర లేకుండా పోయింది. జనం చూసిన చూపు మా ఇంట్లోకి కూడా వచ్చేసి, మా కళ్లను కూడా జనం కళ్లుగా చేసేసింది.

రత్న తొందర పెట్టలేదు. చింతపండు గింజ తీస్తూనే ఉంది. ఆ చేతులను చూస్తుంటే అనపగింజలు గుర్తుకు వచ్చాయి. చలికాలంలో అనపగింజలు నానబెట్టి, ఒక్కొక్కటే వేళ్ల మధ్య నొక్కి తోలు ఊడదీస్తాము, పితికిన పప్పు చేయడానికి. చిన్నమ్మ ఆ గింజను నొక్కినప్పుడు తోలు చేతిలో ఉండి పప్పు ఎగిరి నా మీద పడేది. పొరపాటున కాదు, గురి చూసి కొట్టేది. అవ్వ తల తిప్పితే చాలు నా చెవికి ఒకటి, పిల్లికి ఒకటి. అవ్వ ఇటు తిరగ్గానే ఏమీ ఎరగనట్టు తల వంచుకునేది. ఒకసారి అది అవ్వ మజ్జిగలోనే పడింది. ఇది చెబితే రత్న పగలబడి నవ్వింది. నవ్వుతూనే ఇంకా చెప్పమంది. అక్కడి నుంచి ఒకటి పట్టుకుంటే ఒకటి వచ్చింది. సంగటి కెలకడం చేతకాక ఉండలు కట్టించేది, ఆ ఉండలు ఎవరికీ తెలియకుండా నా గిన్నెలో వేసేది. బల్లి అంటే భయం, కోడిపుంజు అంటే భయం లేదు. కూర్చున్న చోటే నిద్రపోయేది. జడ సంగతి అడుగుతుందేమో అనుకున్నాను, అడిగింది. పలచన అని చెప్పాను. "నాదే అన్నమాట" అని తన తల తడుముకుంది.

మధ్యలో జూజువాడి అమ్మాయి ఫోను చేసింది. రత్న పక్కనే ఉండగా వద్దన్నామని చెప్పాను. ఆ అమ్మాయి, అర్థమైంది మేడం, ఇంటికి రాము అంది. కథ మాత్రం ఆ పాట ఇంటర్నెట్టులో ఉంది కాబట్టి ఎవరో ఒకరు చెబుతారని కూడా నిజాయితీగా చెప్పింది. రత్నకు ఆ మాట చెబితే, ఆపితే ఆగేవి కావులే అని ఊరుకుంది. నాకు ఆ ఊరుకోవడం నచ్చలేదు. ఎవరితోనో పోట్లాడాలని ఉంది, పోట్లాడ్డానికి మనిషి దొరకలేదు.

ఎండ వాలింది. బస్సు వేళ అయిందని లేవబోతే రత్న నా చెయ్యి పట్టుకుంది. చింతపండు జిగురు అంటిన చెయ్యి. అడగాలా వద్దా అని తటపటాయించింది, అరవై దాటిన మనిషి చిన్నపిల్ల లాగా.

"అక్కా, నన్ను ఏమని పిలుస్తా ఉండింది మా అమ్మ?"

మా ఇంట్లో అందరం దాన్ని పాప అనేవాళ్లం. రత్న అని పేరు పెట్టింది అవ్వ. చిన్నమ్మ మాత్రం ఆ రెండు పేర్లతోనూ పిలిచేది కాదు. ఆమెకు తన పుట్టింటి కన్నడంలో చిన్నబిడ్డను పిలిచే మాట ఒకటి ఉండేది, ఉయ్యాల దగ్గర వంగి మెల్లగా అనేది. ఆమెతో పాటే ఆ మాట మా ఇంట్లోంచి పోయింది, మేమెవరం దాన్ని ఎప్పుడూ వాడలేదు. ఇన్నేళ్లకు అది నా నాలిక మీదికి ఎలా వచ్చిందో నాకే తెలియదు.

"పుట్టీ" అన్నాను.

రత్న నా మొహం వైపే చూస్తోంది. కళ్లు తుడుచుకోలేదు, చేతులకు జిగురు ఉంది.

"ఇంకోసారి పిలువక్కా" అంది.

పిలిచాను.

"ఊ" అని పలికింది.